విడిదింటి మేళం

వివాహ శుభలేఖ చేతికి రాగానే పూర్వం మన పెద్దలు మొదట ముహూర్తం ఎన్ని గంటలకో చూచేవారు, ఆ వెనుక అడిగే ప్రశ్న “మేళం ఎవరిది?” అని. వంటవారెవరన్న విచారణ దాని తరువాతనే. మేళం ఎవరిదో తెలిసినచో ఆ పెళ్ళి ఏ తీరున సాగగలదో సగం తెలిసినట్లే. నేడు శుభలేఖ రూపు మారినది, దానిని చదివే కన్ను మారినది. ప్రశ్న మాత్రం పోలేదు. “డీజే ఎవరు?” అని వేషం మార్చుకొని వచ్చినది.

కిందటి సంవత్సరం మా బంధువర్గంలో ఒక వివాహం నిశ్చయమైనది. వధువు హనుమకొండ పిల్ల. వరుడు ట్రినిడాడు ద్వీపంలో పుట్టినవాడు. తండ్రివైపు పూర్వులు నూరేండ్లకు పైబడిన క్రిందట చెరకుతోటల పనికి ఓడనెక్కి వెళ్ళిన భారతీయులు, తల్లివైపు వారు ఆఫ్రికా సంతతి. ఇద్దరి ఉద్యోగమూ కెనడాలో. పెళ్ళి హనుమకొండలో కాదు, ట్రినిడాడులోనూ కాదు. భీమునిపట్నం సముద్రతీరాన అని తీర్మానించినారు. ఇరుపక్షాలకూ అది పరాయి ఊరే. సంగీతాన్ని గురించి అప్పుడప్పుడు నాలుగు మాటలు మాట్లాడిన పాపానికి, డీజేను కుదిర్చే భారాన్ని పెద్దలు మా నెత్తిన పెట్టినారు. ఆ వెదకులాటలో మాకు ఎదురుపడిన చరిత్ర కొంత కలదు. దానిని మాతోనే ఉంచుకొనుట న్యాయం కాదనిపించి ఈ ప్రసంగానికి పూనుకొన్నాము.

మొదట మాటను గురించి ఒక మాట. మన పల్లెలలో “డీజే పెట్టినారు” అంటే మనిషిని పెట్టినారని అర్థం కాదు. లారీ మీద గోడలవలె పేర్చిన శబ్దపు పెట్టెలను తెచ్చినారని అర్థం. ఇంగ్లీషువారికి డీజే అనగా మనిషి, మనకు డీజే అనగా పెట్టె. ఈ భేదాన్ని వ్యాకరణపు చోద్యంగా భావించి మేమూ మొదట నవ్వుకొన్నాము. మా చిక్కంతా ఆ భేదంలోనే ఉన్నదని తరువాత తెలిసినది. పెట్టె దొరుకుట సులభం. మనిషి దొరుకుట కష్టం.

ఊరు విడిచి మరొక చోట పెళ్ళి చేసుకొనుట ఈ కాలపు ధనవంతుల వేడుక అని చాలమంది అనుకొంటున్నారు. ఉదయపూరు కోటలు, గోవా ఇసుకతిన్నెలు కన్నుల ముందు మెదలుతవి. ఆలోచించి చూచినచో, మన సంప్రదాయంలో ప్రతి పెళ్ళీ ఒక పక్షానికి పొరుగూరి పెళ్ళియే. మగపెళ్ళివారు తరలివచ్చేవారు. ఆ తరలివచ్చినవారికి ఎదురుకోలు, ఎదురుకోలులో మేళం, పానకాలు, ఆ పిమ్మట విడిది. విడిదింటిలో మంచాలు చాలలేదనీ, కాఫీ చల్లారిపోయినదనీ తగవులు. అయిదు రోజుల పెళ్ళిళ్ళు జరిగిన దినాలలో విడిది అనేది ఊరిలో ఊరు. అన్నవరం, సింహాచలం, యాదగిరిగుట్ట, తిరుమల కొండలకు రెండు పక్షాలూ తరలిపోయి, దేవుని సన్నిధిలో మూడుముళ్ళు వేయించి తిరిగి వచ్చే ఆచారమూ మనకు క్రొత్త కాదు. శ్రావణమాసంలో అన్నవరం కొండను చూచినవారికి ఈ సంగతి వేరుగా చెప్పనక్కరలేదు.

పడమటి దేశాలలో ఇందుకు విచిత్రమైన పూర్వకథ ఒకటి ఉన్నది. 1753లో ఇంగ్లండులో హార్డ్‌విక్ ప్రభువు పేరిట ఒక వివాహ శాసనం వచ్చినది. ఇరువదియొక్క ఏండ్లు నిండనివారు తలిదండ్రుల సమ్మతి లేనిదే వివాహమాడరాదని దాని సారాంశం. 1754 మార్చి 25 నుండి అది అమలులోకి వచ్చినది. స్కాట్లండుకు ఆ శాసనం వర్తించదు. కనుక పెద్దలు కాదన్న జంటలు గుర్రపుబండ్లెక్కి సరిహద్దు దాటగానే తగిలే గ్రెట్నా గ్రీన్ అనే పల్లెకు పరుగులు తీసినారు. అక్కడ పురోహితుడు కమ్మరి. సాక్షుల యెదుట ఇద్దరూ మాట ఇచ్చుకొనగానే కమ్మరి తన దాగలి మీద సమ్మెటతో ఒక దెబ్బ వేసేవాడు. పెళ్ళి అయినట్లే! వెనుక గుర్రాల మీద తరుముకొని వచ్చే తండ్రికి ఆ ఇనుప చప్పుడే కబురు. 1856లో మరొక శాసనం వచ్చి, వధూవరులలో ఒకరైనా ఇరువదియొక్క దినాలు స్కాట్లండులో నివసించి ఉండవలెనని నియమించిన పిమ్మట ఈ పరుగులు తగ్గినవి. కమ్మరి దెబ్బకూ మన గట్టిమేళానికీ చేసే పని ఒక్కటే: ఇదిగో, ఈ క్షణాన పెళ్ళి అయినది అని చెవులకు చాటుట.

పెళ్ళిలో సంగీతం వినోదానికని అనుకొనేవారు ఈ సంగతిని మరచిపోతున్నారు. మేళం ముందుగా ఒక సంజ్ఞ; వినోదం ఆ తరువాత. నాదస్వరం పట్టిన విద్వాంసుడు పందిట్లో కూర్చున్నాడంటే అతని చెవి తన వాద్యం మీద, కన్ను పురోహితుని చేతి మీద. తెర దించే వేళ ఒక తీరు, తలంబ్రాల వేళ మరొక తీరు, అప్పగింతలలో వేరొక తీరు. శోకరసానికి పేరుబడిన రాగాలను శుభవేళ ముట్టడు. మాంగల్యధారణ సమయం ఆసన్నమై పురోహితుడు చెయ్యెత్తగానే, వాయిస్తున్న కీర్తన ఎక్కడున్నా అక్కడనే విడిచి గట్టిమేళం అందుకొంటాడు. ఆ నిమిషంలో ఎవరైన తుమ్మినను, కుక్క అరచినను, చంటిపిల్ల ఏడ్చినను ఆ అపశకునం వధూవరుల చెవిని పడకుండవలెనని ఆ హోరు. కీర్తనను మధ్యలో విరుచుట సంగీతసభలో దోషం, పందిట్లో ధర్మం.

ఈ విద్య ఒక మతంవారి సొత్తు కూడ కాదు. కృష్ణకు దక్షిణాన కరవది, చిలకలూరిపేట ప్రాంతాలలోని ముస్లిం కుటుంబాలు తరతరాలుగా నాదస్వరం వాయిస్తూ గుళ్ళలోను, హిందువుల పెళ్ళిళ్ళలోను మన్ననలు పొందుతూ వచ్చినవి. 1924లో కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా సాహేబుగారు శ్రీరంగంలో స్థిరపడి, రంగనాథుని సన్నిధిలో వాద్యసేవ చేసి, 1977లో పద్మశ్రీ బిరుదాన్ని అందుకొన్నారు. రెండు సంప్రదాయాల నడుమ నిలబడి ఒక పెళ్ళిని నడిపించగలవారిని ఎక్కడనో విదేశంలో వెదకనక్కరలేదని మాకు ఆయన కథ గుర్తుచేసినది.

ఇక మా వెదకులాట. మొదట వచ్చిన యువకుడు తన వద్ద ఎనుబదివేల పాటలున్నవని చెప్పినాడు. ఆ సంఖ్యను రెండుసార్లు చెప్పినాడు. పెళ్ళికూతురి నాయనమ్మ మాకు వరుసకు అక్క. మూలన కుర్చీలో కూర్చుండి అంతవరకు విన్నది. “మంచిదే బిడ్డా. పంతులు చెయ్యెత్తిండనుకో, అప్పుడు నువ్వేం జేస్తవు?” అని అడిగినది. ఆ యువకునికి ప్రశ్న బోధపడలేదు. “చెయ్యెత్తడమేంటండి, అమ్మమ్మగారూ?” అన్నాడు. “గంతే,” అని ఆమె మావైపు చూచినది. ఆ నాటినుండి అదే మా పరీక్షాప్రశ్న అయినది.

రెండవ వ్యక్తి చాల నగరాలు తిరిగినవాడు. వరునిది ట్రినిడాడని చెప్పగానే, “కరీబియనా? అయితే బాబ్ మార్లే వేసేద్దాం సార్!” అన్నాడు. మార్లే జమైకావాడు. జమైకాకూ ట్రినిడాడుకూ నడుమ వెయ్యిన్నర కిలోమీటర్లకు పైబడిన సముద్రం ఉన్నది. కాశ్మీరంవారి పెళ్ళికి కథకళి మేళం పిలిచినట్లుంటుందని నచ్చజెప్పబోయినాము. నవ్వి ఊరుకున్నాడు. మేమూ ఊరుకున్నాము.

ఇక్కడ కొంత వెనుకకు పోవలసి ఉన్నది. రెండు దేశాలవారు వియ్యమందే పెళ్ళిలో ఏ సంగీతం వినిపించవలెనన్న ప్రశ్న రాజులకూ వచ్చినదే. 1858 జనవరి 25న లండనులో విక్టోరియా రాణి పెద్దకుమార్తెకు ప్రష్యా రాజకుమారుడు ఫ్రెడరిక్ విలియంతో వివాహం జరిగినది. వధువు ఇంగ్లండు రాజపుత్రి, వరుడు జర్మను. ఆ దినాన చర్చినుండి వెలికి వచ్చేటప్పుడు మెండెల్సన్ అనే జర్మను విద్వాంసుడు 1842లో షేక్స్‌పియరు నాటకం ఒకదానికి కూర్చిన వివాహయాత్రా సంగీతాన్ని వాయించినారు. మెండెల్సన్ అప్పటికి గతించి పదేండ్లు దాటినది. రాజుల ఇంట వినబడినది కదా అని లోకమంతా ఆ సంగీతాన్ని పట్టుకొన్నది, నేటికీ విడువలేదు. వధువు చర్చిలో ప్రవేశించేటప్పటికి వాగ్నర్ రచించిన లోహెంగ్రిన్ అనే సంగీతనాటకంలోని బృందగానం వాడుకలోకి వచ్చినది. ఆ నాటకం మొదటిసారి 1850లో ప్రదర్శితమైనది. అందులో ఆ పాట వధూవరులను శయనాగారానికి పంపేటప్పటిది. కొంతసేపటికే ఆ దంపతులు విడిపోతారు! ఇంకొక వింత ఉన్నది. అదే 1850లో వాగ్నర్ మారుపేరు పెట్టుకొని యూదు సంగీతకారులను నిందిస్తూ వ్యాసం వ్రాసినాడు. ఆ నిందలో యూదుకుటుంబంలో పుట్టిన మెండెల్సన్‌కూ భాగం కలదు. ద్వేషించినవాని పాటతో పెళ్ళికూతురు లోపలికి వస్తుంది, ద్వేషింపబడినవాని పాటతో వెలుపలికి పోతుంది. పెళ్ళివారెవరికీ ఇది పట్టలేదు. యూదుల పెళ్ళిళ్ళలో మాత్రం వాగ్నర్ పాటను దూరంగా ఉంచేవారు నేటికీ కలరు. ఒక పాటను ఏ చేయి కూర్చినదో మరచిపోయేవారు కొందరు, మరువలేనివారు కొందరు. రెండు జాతుల పెళ్ళికి పాటలను ఏరేవాడు ఈ రెండవ తరగతివారిని గుర్తుంచుకొనవలెను.

మన దేశంలో కలగూరగంపకు తొలిరూపం బాండుమేళం. ఇంగ్లీషు పటాలాల వెంట వచ్చిన ఇత్తడి కొమ్ములు, క్లారినెట్లు, పెద్ద డోళ్ళు మెల్లగా కంటోన్మెంటు ప్రాకారం దాటి పెళ్ళి ఊరేగింపులో చేరినవి. ఎర్రకోటు, జలతారు పట్టీలు పటాలానివి. వాయించే వరుస మాత్రం అప్పటి సినిమాది. పండితులు చెవులు మూసుకొన్నారు. పిల్లలు వెంట నడిచినారు. వారిని గురించి ఇంతకంటె ఎక్కువ చెప్పవచ్చును గాని, మనకు కావలసిన మనిషి ఆ ఊరేగింపులో లేడు. దాని వెనుక మైకుసెట్టు మోసుకొని వస్తున్నాడు.

1902లో గ్రామఫోను కంపెనీవారు కలకత్తాలో గౌహర్ జాన్ మొదలైనవారి గానాన్ని పళ్ళెములపై ఎక్కించినారు. 1908లో సియాల్దాలో రికార్డుల కర్మాగారం వెలసినది. పిమ్మట విద్యుద్యంత్రం, గొట్టపు స్పీకరు వచ్చి చేరినవి. పల్లెలో పెళ్ళి అంటే తాడిచెట్టుకో, డాబా అంచుకో ఆ గొట్టాన్ని కట్టేవారు. దానికింద పందిరిగుంజ దగ్గర బల్లమీద రికార్డుల పెట్టె ముందు కూర్చుండే మనిషి ఒకడు ఉండేవాడు. ఒక రికార్డు మూడు నిమిషాలకు పైచిల్లర. అది అయిపోయేలోపల సూదిని మార్చి, తరువాతి రికార్డును తుడిచి సిద్ధంచేయవలెను. పిల్లలు మూగి ఫలానా పాట వేయుమని వేధించేవారు. మగపెళ్ళివారి తరఫు పెద్దమనిషి వచ్చి తమ అభిమాన గాయకుని పాట ఇంకా రాలేదని గుర్తుచేసేవాడు. పురోహితుడు కసరగానే సూదిని ఎత్తివేసేవాడు. ఆ అజ్ఞాత పురుషునికి మన భాషలో బిరుదైనా లేదు. ‘మైకువాడు’ అన్నాము, అంతే. మన మొదటి డీజే అతడే అని మా అభిప్రాయం.

రేడియో గల ఇండ్లవారికి ఈ కథలో ప్రత్యేకమైన చుట్టరికం ఉన్నది. ఏలయనగా డీజే అనేవాడు మొదట నాట్యశాలలో పుట్టినవాడు కాడు, రేడియోలో పుట్టినవాడు. 1935లో అమెరికాను ఒక న్యాయవిచారణ పట్టి కుదిపినది. విమానవీరుడు లిండ్‌బర్గ్ పసిబిడ్డను ఎత్తుకొనిపోయి చంపిన నేరంపై హౌప్ట్‌మన్ అనేవానిని విచారిస్తున్నారు. న్యూయార్కులోని ఒక రేడియోస్టేషనులో మార్టిన్ బ్లాక్ అనే ప్రకటనకర్త ఆ వార్తలకూ వార్తలకూ నడుమ వచ్చే ఖాళీని గ్రామఫోను రికార్డులతో నింపసాగినాడు. ఉత్తగా వేయలేదు, ఎదుట ఒక నాట్యమందిరం ఉన్నట్లును, వాద్యబృందాలు ఒకదాని వెంట ఒకటి వేదికనెక్కుతున్నట్లును మాటలతో భ్రమ కల్పించినాడు. లాస్ ఏంజిలీసులో ఆల్ జార్విస్ అనే ఆయన అంతకుముందే ఇటువంటి ప్రయోగం చేసి ఉన్నాడు. ఇటువంటివారికి ‘డిస్క్ జాకీ’ అన్న పేరు తరువాతి ఏండ్లలో స్థిరపడినది. జాకీ అనగా పందెపుగుర్రపు రౌతు. తిరుగుతున్న పళ్ళెము గుర్రం. వాడు దానిపై స్వారీ చేసేవాడు.

మన వైపున ఆ స్వారీని వినిపించినది సింహళం. 1952లో ఆకాశవాణి సినిమాపాటలకు చోటు కుదించగా, అదే సంవత్సరం డిసెంబరులో రేడియో సిలోను నుండి అమీన్ సయానీగారి బినాకా గీతమాల మొదలైనది. బుధవారం రాత్రి పెట్టెచుట్టూ ఇంటిల్లిపాదీ చేరేవారు. 1957 అక్టోబరు 3న వివిధభారతి పుట్టుటకు ఆ పోటీ ఒక కారణం. సయానీగారు 2024లో గతించినారు. పాటకూ పాటకూ నడుమ పలికే నాలుగు మాటలు పాటంతటి పనిచేయగలవని మనవారికి నేర్పినవారిలో ఆయన మొదటివాడు.

ఆ నాలుగు మాటల విద్యను వీధిలోకి తెచ్చినవారు జమైకావారు. 1940వ దశాబ్ది చివర కింగ్‌స్టన్ నగరంలో టామ్ వాంగ్ అనే చీనా సంతతి ఇనుపసామానుల వర్తకుడు పెద్ద పెద్ద స్పీకర్లను కూర్చి, అమెరికా రికార్డులు తెప్పించి, ఆరుబయట నాట్యసభలు నడిపించి ప్రసిద్ధికెక్కినాడు. చీనావాని పెట్టె, అమెరికా పాట, ఆఫ్రికా సంతతి నర్తకులు! అక్కడ ఈ పనిని ఇద్దరికి పంచినారు. రికార్డు ఏరి వేసేవాడు సెలెక్టరు. మైకు పట్టి పలికేవాడు డీజే. కింగ్‌స్టన్‌లో పుట్టి 1967లో న్యూయార్కు చేరిన క్లైవ్ క్యాంప్‌బెల్ అనే కుర్రవాడు, 1973 ఆగస్టు 11న తన చెల్లెలు తలపెట్టిన వేడుకలో రికార్డులు వేసినాడు. నాట్యం చేసేవారు పాటలో వాద్యం మాత్రమే మ్రోగే భాగానికై కాచుకొని ఉంటున్నారని గమనించి, ఒకే రికార్డు ప్రతులు రెంటిని రెండు యంత్రాలపై పెట్టి, ఆ భాగాన్నే మరల మరల సాగదీసే పద్ధతిని పెంపొందించినాడు. హిప్‌హాప్ అనే సంగీతానికి ఆ రాత్రిని జన్మదినంగా చెప్పుకొంటారు. మాకు నచ్చినది ఆ గమనించుట. అతని చెవి పాట మీద, కన్ను జనం కాళ్ళ మీద. మన నాదస్వర విద్వాంసుడు పురోహితుని చేతిని చూచినట్లే.

ఇప్పుడు వరునివారి ద్వీపానికి వస్తాము. 1845 మే 30న ఫతేల్ రజాక్ అనే ఓడ మొదటి భారతీయ కూలీలతో ట్రినిడాడు చేరినది. 1917 వరకు సుమారు 1,44,000 మంది ఆ విధంగా వెళ్ళినారు. పెక్కుమంది కలకత్తా రేవునుండి పోయిన భోజపురీ, అవధీ భాషలవారు. చెన్నపట్నం రేవునుండి ఎక్కిన తమిళులు, తెలుగువారు కొద్దిపాటి. తరాలు గడిచేసరికి భాషలు కరిగిపోయినవి, కులాల పేర్లు మసకబారినవి. హిందూవివాహాన్ని అక్కడి చట్టం గుర్తించుటకే 1945 వరకు పట్టినది. అంతవరకు అగ్నిసాక్షిగా పెళ్ళాడిన దంపతుల బిడ్డలు కాగితాల మీద అక్రమసంతానమే. కాగితం కాదన్న పెళ్ళిని ఊరికి చాటినది ఏది? డప్పు! ఆ డప్పు పేరు తాసా.

తాసా అనగా మట్టితోనో లోహంతోనో చేసిన లోతులేని గిన్నెకు మేకతోలు బిగించి, మెడకు తగిలించుకొని, రెండు సన్నని పుల్లలతో వాయించే వాద్యం. పారశీకంలో తాస్ అంటే గిన్నె. ఒక బృందంలో తాసాలు రెండు, పెద్ద డోలు ఒకటి, ఇత్తడి తాళాలు కొన్ని. ప్రధాన వాద్యకారుడు కట్టర్. రెండవవాడు లయ చెదరకుండా నిలబెట్టేవాడు. తోలు మెత్తబడగానే మంట రాజేసి కాచుకొంటారు; కణకణమని పలికేదాక కాచుతారు. ఈ వాద్యం అక్కడికి మొహరం ఊరేగింపులతో వెళ్ళినది. ఆ ఉత్సవాన్ని హోసే అంటారు. ముస్లిములే కాక హిందువులు, ఆఫ్రికా సంతతివారు కూడ అందులో నడిచేవారు. 1884లో ప్రభుత్వం ఊరేగింపులను అడ్డగించి కాల్పులు జరుపగా పలువురు మరణించినారు. డప్పు మాత్రం ఆగలేదు. క్రమంగా అది పెళ్ళి ఇండ్లకు చేరినది. పెళ్ళికి ముందు శుక్రవారం రాత్రి స్త్రీలు తాసా వెంట నడిచి మన్ను త్రవ్వి తెచ్చే ‘మటికోర్’ వేడుక నేటికీ ఉన్నది. మన పుట్టమన్ను తెచ్చే ఆచారం ఎవరికైన గుర్తుకు వచ్చినచో అది వారి తప్పు కాదు. 1970లో సుందర్ పోపో అనే గాయకుడు హిందీ, ఇంగ్లీషు మాటలు కలిపి పాడిన పాటతో ‘చట్నీ’ అనే సంగీతానికి ప్రసిద్ధి వచ్చినది. ఆ వెనుకనే కాలిప్సో గాయకుడు లార్డ్ షార్టీ భారతీయుల లయలను తన పాటలలో కలుపుకొని సోకా అనే క్రొత్త బాణీని నిలబెట్టినాడు. వరుని తండ్రివారి డప్పు, తల్లివారి పాట అక్కడ ఏనాడో వియ్యమందినవన్నమాట.

వరుని తండ్రికి తల్లి ఎనుబదినాలుగేండ్ల వృద్ధురాలు. ఆమె ఒక్కటే కోరినది: మనుమని పెళ్ళిలో తాసా వినబడవలెను. అక్కడినుండి బృందాన్ని రప్పించుటకు డబ్బు చాలదు. “రికార్డు వేస్తే చాలదా?” అని వధువు తండ్రి అన్నాడు. ఆయన భయం వేరు: ముహూర్తం వేళ ఈ మోత మొదలై మంత్రం వినబడకపోతే ఎట్లా అని. నాలుగు దినాలు ఇండ్ల నడుమ ఫోనులు నడిచినవి. మాట కొంచెం బిరుసెక్కినది కూడ.

మూడవ డీజే అప్పుడు దొరికినాడు. విశాఖపట్నంవాడు, తండ్రి బాండుమేళంలో క్లారినెట్టు వాయించినవాడట. పాటల లెక్క చెప్పలేదు. “పెద్దవాళ్ళలో అందరికన్నా పెద్దెవరండి? ఆవిడ ఎన్నింటికి పడుకుంటారు?” అని అడిగినాడు. మా అక్క తన ప్రశ్న వేసినది. “పంతులుగారు చెయ్యెత్తితే నేను చెయ్యి దించేస్తానమ్మా. గట్టిమేళం సన్నాయివాళ్ళది. నాది కాదు,” అన్నాడు. మా అక్క లోపలికి పోయి అతనికి మజ్జిగ తెచ్చినది.

చట్టం సంగతి కూడ అతడే ఎత్తినాడు. 2000వ సంవత్సరపు శబ్దకాలుష్య నియమాల ప్రకారం రాత్రి పదినుండి ఉదయం ఆరువరకు ఆరుబయట లౌడుస్పీకరు పనికిరాదు. ప్రభుత్వం ఉత్సవాలకు ఏడాదిలో పదిహేను దినాలకు మించకుండా అర్ధరాత్రి వరకు సడలింపు ఇవ్వవచ్చునేగాని మన పెళ్ళి ఆ జాబితాలోనిది కాదు. రికార్డుల హక్కుదారులకు రుసుము కట్టవలెనా అన్న సందేహానికి, వివాహపు ఊరేగింపును, దానితో ముడిపడిన వేడుకలను 1957 కాపీరైటు చట్టంలోని ఒక ఉపవిధి మినహాయిస్తున్నదని కేంద్రప్రభుత్వం 2023 జూలైలో ప్రకటించిన సంగతి మేము చెప్పినాము. హోటళ్ళ పెళ్ళిళ్ళకు ఆ మినహాయింపు ఎంతవరకు చెల్లునన్న వాదాలు న్యాయస్థానాలకు పోయినవి. 2024లో గోవా ప్రభుత్వపు ఉత్తరువు ఒకదానిని బొంబాయి హైకోర్టు కొట్టివేసినది కూడ. “అవన్నీ మీరు చూసుకోండి, పదింటికి ఆపేది మాత్రం నేను చూసుకుంటాను,” అన్నాడతడు.

తాసాను గురించి చెప్పగానే అతడు రికార్డు కోసం వెదకలేదు. “మన తాషా కాదూ?” అన్నాడు. మా నోట మాట రాలేదు. ‘తాషామరఫాలతో ఊరేగించినారు’ అని పత్రికలలో ఎన్నిమార్లు చదివి ఉంటాము! హైదరాబాదులో నిజాము కొలువునకు వచ్చిన హద్రమౌతు అరబ్బులు, ఆఫ్రికా సిద్దీలు తెచ్చిన మరఫా వాద్యం ఆ నగరపు పెళ్ళిళ్ళలో కులమత భేదం లేకుండా నేటికీ మ్రోగుతున్నది. బార్కస్ పేట పేరు బ్యారక్కులనుండి వచ్చినదే. ఏసీ గార్డ్స్ అనే పేట పేరులో ఆఫ్రికా ఆశ్వికదళం ఇంకా ఉన్నది. ఆఫ్రికా సంతతి తల్లికి, భారతీయ సంతతి తండ్రికి పుట్టిన వరునికి ఇంతకంటె దగ్గర చుట్టాలెవరు? సముద్రాలు దాటి వెదకినాము. హనుమకొండ పెళ్ళివారికి అది మూడుగంటల దారిలో ఉన్నది.

అయిదుగురు వాద్యకారులు హైదరాబాదునుండి వచ్చినారు. ముహూర్తం రాత్రి ఏడు దాటిన తరువాత. పురోహితుడు చెయ్యెత్తినాడు, నాదస్వరం గట్టిమేళం అందుకొన్నది. ఆ హోరులో డీజే తన యంత్రాల వెనుక చేతులు కట్టుకొని నిలుచున్నాడు. తలంబ్రాలైన పిమ్మట తాషావారి వంతు. మొదటి దెబ్బకే తెలిసినది, సముద్రపుగాలి తేమకు తోళ్ళు మెత్తబడి మొద్దుగా పలుకుతున్నవని. వాద్యకారుడు అటూ ఇటూ చూచినాడు. ఎవరూ ఏమీ చెప్పకముందే వరుని మేనమామ లేచి, కొబ్బరిమట్టలు, పాతకాగితాలు పోగుచేసి ఇసుకలో మంట పెట్టినాడు. అతనికి తెలుగు రాదు, తాషావారికి ఇంగ్లీషు రాదు. ఇద్దరూ మంటచుట్టూ కూర్చుండి తోళ్ళు కాచినారు. డీజే ఆ కొద్దినిమిషాలు సోకా పాట ఒకటి తక్కువ ధ్వనిలో నడిపించి, డప్పు సిద్ధంకాగానే దానిని మెల్లగా తగ్గించి ఆపివేసినాడు. ఆ పైన గంటసేపు అతని పెట్టెలు మాట్లాడలేదు.

వృద్ధురాలిని కుర్చీతో సహా దగ్గరికి తెచ్చినారు. ఆమె చెవి యొగ్గి వినినది. దరువు తనది కాదని ఆమెకు తెలిసినది. తలాడిస్తూ తొడమీద వేళ్ళతో తన దరువును వేసి చూపించినది. తాషా వాయిస్తున్నతడు చూచి పట్టుకొన్నాడు, మొదట తప్పుగా, రెండవసారి సరిగా. దీని పేరేమిటని ఆమె అడిగినది. “తాషా,” అన్నాడు. “తాసా,” అని ఆమె దిద్దినది.

సరిగా పదికి ఆపినారు. మరునాడు డీజే పట్టీ పంపినాడు. ఊరుకున్న గంటకు కూడ కూలి వేసినాడు. వధువు తండ్రి కళ్ళజోడు పెట్టుకొని పట్టీని రెండుమార్లు చదివి, సన్నాయివారికి మంత్రం వేళ మౌనానికి తగ్గించి ఇచ్చినామా ఏమి అని, పూర్తిగా చెల్లించినాడు.